పుచ్చకాయల వారం

మొదట్లో మల్లిబాబు చేతిలో ఉన్నవి ఒక పండ్ల తోపుడుబండి, నిండుగా నవ్వే భార్య చంద్రకళ, ఆసుపత్రివాళ్లు ఆమెకు తొడిగిన మాటలాడే గాజు. ఊళ్లో గర్భిణులందరికీ ఆ గాజులే. కడుపులో బిడ్డ ఎంతయిందో అది ప్రతి సోమవారం చెప్పేది. నిమ్మకాయంత అంటే ఆ వారం ఆ గర్భిణి ఇంట్లో నిమ్మకాయలు కొనడం ఆచారమైపోయింది. మల్లిబాబుకు బేరం బాగా సాగింది.

చివరికి చంద్రకళ గాజు, "పుచ్చకాయంత. కాన్పు శుక్రవారం," అంది. ఆసుపత్రి బండి కూడా గాజు చెప్పిన రోజే వస్తుంది.

బుధవారం మల్లిబాబు బండి మీద పుచ్చకాయలు పేరుస్తుంటే ఆమె గుమ్మం పట్టుకుని నిలబడింది.

"నొప్పులొస్తున్నాయయ్యా."

"శుక్రవారం కదే!"

"నీ మామిడికాయలు తారీఖు చూసుకునే పండుతున్నాయా? బండి ఖాళీ చెయ్యి!"

కాయలన్నీ అరుగు మీదికి దించి, బండి మీద దుప్పటి పరిచి, ఆమెను కూర్చోబెట్టి ఆసుపత్రికి తోసుకుంటూ పరుగు తీశాడు.

"ఇంకా రెండు రోజులుంది, విశ్రాంతి తీసుకోండి," అంది గాజు.

"దీన్ని నోరు ముయ్యమనవయ్యా!" అంటూ చంద్రకళ నొప్పుల్లోనే నవ్వింది.

వెళ్లిన కాసేపటికే కూతురు పుట్టింది. మల్లిబాబు అలవాటుగా అరచేతుల్లో బరువు చూసి, "పుచ్చకాయెక్కడ? బొప్పాయంతే!" అని మురిసిపోయాడు.

అరుగు మీది కాయలు వీధివాళ్లు తినేశారు. ఆ రోజు అమ్మకం లేదు. మిగిలింది కూతురు, పైగా ఆ పిల్లతో ముందుగా దొరికిన రెండు రోజులు.