మలుపులో ఒక ఇల్లు

మగ్గాల వీధి మలుపు వెడల్పు చేయాలంటే ఒక ఇల్లు పోవాలి. ఏది పోవాలో వీధివాళ్లే తేల్చుకోవాలంటూ ఆఫీసరు ట్యాబులో ఒక ఆట తెచ్చాడు. మలుపులోని పన్నెండు ఇళ్లూ అందులో ఉన్నాయి. వేలితో నొక్కితే ఇల్లు కూలుతుంది. ఇంటికి ఒకరు ఆడాలి.

చీరల వ్యాపారి కాశన్న తన వంతు రాగానే హనుమమ్మ ఇంటిని కూల్చేశాడు. గోడ తగాదా వచ్చి తొమ్మిదేళ్లుగా ఇద్దరికీ పడదు.

అందరూ ఆడాక ఆఫీసరు ఫలితం చదివాడు.

"పదిమంది కాశన్న ఇల్లు తీసేశారు. కాశన్న హనుమమ్మ ఇల్లు తీశాడు. హనుమమ్మ మాత్రం ఎవరి ఇల్లూ తీయలేదు."

కాశన్న చుట్టూ చూశాడు. పొద్దున తనతో టీ తాగినవాళ్లంతా తలలు దించుకున్నారు. అతను హనుమమ్మ ముందుకెళ్లి చేతులు జోడించాడు.

"ఇన్నేండ్లూ నా నోట శానా మాటలు పడితివి. అయినా నువ్వొక్కదానివే నా ఇల్లు కూల్చకపోతివి, హనుమక్కా!"

హనుమమ్మ మొహం తిప్పుకుంది.

"నీ ఇంటిమీదనే పదిసార్లు నొక్కినా. మగ్గం నేసి నేసి నా వేళ్లు కాయగట్టిపోయినాయి, ఆ అద్దానికి ఆనలా. ఆ సారును పిలువు, ఇంగోసారి నొక్కుతా."