చెల్లని కులం

1993లో భిలాయి పక్కనున్న రిజర్వుడు అసెంబ్లీ సీటుకు ఇంద్రాణి వేసిన నామినేషన్‌ను ఎన్నికల అధికారి పక్కన పెట్టేశాడు.

"రెల్లి కులం ఆంధ్రాలో ఎస్సీ. మధ్యప్రదేశ్‌లో కాదు బెహన్‌జీ," అన్నాడు హిందీలో.

"నేను ఇక్కడే పుట్టాను సాబ్."

"మీ నాన్న అక్కడివాడు కదా. అక్కడే పోటీ చెయ్యండి."

"అక్కడ నాకు ఓటే లేదు."

"అయితే వచ్చేసారి జనరల్ సీటులో నిలబడండి. దానికి కులం అడగరు."

బయట ఆమె తండ్రి సూర్యారావు ఎదురుచూస్తున్నాడు. భిలాయి ఉక్కు కర్మాగారం టౌన్‌షిప్‌లో ముప్పై ఏళ్లు మురుగు కాలవలు తీసిన మనిషి.

"ఏటైనాదమ్మా?"

"ఇక్కడ మనం ఎస్సీలం కాదంట నాన్నా."

"కాకపోతే మంచిదే కదేటి?" అంటూ నవ్వబోయాడు. నవ్వు రాలేదు.

దారిలో సెక్టర్ 6 దగ్గర టీ కొట్టులో ఆగి మంచినీళ్లు అడిగారు. వాళ్ల తెలుగు వినగానే కొట్టతని ముఖం వెలిగిపోయింది.

"మాది ఇజీనారం. మీదే ఊరు?"

"మాదీ ఆ పక్కే బాబూ," అన్నాడు సూర్యారావు.

కొట్టతను గ్లాసు నింపి, చెయ్యి చాచబోతూ ఆగాడు.

"ఏ కులమోళ్లు?"

సూర్యారావు తల దించుకున్నాడు.

"రెల్లోళ్లం," అంది ఇంద్రాణి.

గ్లాసు వెనక్కి వెళ్లింది.

"దోసిలి పట్టండి," అన్నాడతను.