పెళ్ళిరోజు సీను

"నా భార్య ఎక్కడ?" అన్నాడు నిర్మాత రొబ్లెన్, ఎడిటింగ్ గది గుమ్మంలోనే నిలబడి.

"తీసేశాను. ఆమె సీను వచ్చేసరికి సినిమా చతికిలబడుతోంది," అంది ఎడిటర్ ఒడీల్.

రొబ్లెన్ చేతిలో సగం కొరికిన సాండ్‌విచ్ అలాగే ఉండిపోయింది. ఆయన తీసే ప్రతి సినిమాలోనూ భార్య యుగెట్‌కి ఒక సీను ఉంటుంది. అది ఆయన ఇచ్చే పెళ్ళిరోజు కానుక. ఆవిడకు నటన రాదని పారిస్ మొత్తంలో తెలియనివాడు ఆయనొక్కడే. ఇన్నేళ్ళలో ఏ ఎడిటరూ ఆ సీను జోలికి పోలేదు.

"రేపు ప్రివ్యూకి మదాం వస్తోంది. సీను ఉండాలి. లేదా, మళ్ళీ టీవీకి పోయి పోలీసు సీరియళ్ళు కత్తిరించుకో."

ఏళ్ళ తరబడి ఆ సీరియళ్ళతో విసిగి వేసారాక ఒడీల్‌కి దక్కిన మొదటి సినిమా ఇది. ఆమె మళ్ళీ తెర వైపు తిరగడం చూసి, దారికొచ్చిందనుకుని రొబ్లెన్ వెళ్ళిపోయాడు. ఒక్క సీనేగా, పెట్టేస్తే పోయేదేముందని పక్కనే ఉన్న దర్శకుడు నసిగాడు. సినిమా పోతుందంది ఒడీల్. కూతుర్ని పోగొట్టుకున్న తండ్రి ఏడవలేక కూర్చుంటే, పక్కింటావిడగా యుగెట్ తలుపు తోసుకొచ్చి పాట పాడితే ఎవరు భరిస్తారు? ఆమె సీను పెట్టలేదు.

మర్నాడు యుగెట్ ముందు వరసలో కూర్చుంది. తండ్రి సీను వచ్చింది. పక్కింటావిడ రాలేదు. రొబ్లెన్ చీకట్లోనే మెడ తిప్పి ఒడీల్ కోసం వెతికాడు. హాల్లో అప్పటికే చాలామంది ముక్కులు చీదుకుంటున్నారు. సినిమా అయిపోయి దీపాలు వెలిగాయి. ప్రివ్యూకి వచ్చిన థియేటర్ల యజమానులు లేచి నిలబడి, చేతులు నొప్పి పుట్టేలా చప్పట్లు కొట్టారు. ఒడీల్‌కి ఒళ్ళు పులకరించింది. ఇక ఉద్యోగం పోతే పోనీ అనుకుంది.

రొబ్లెన్ పళ్ళు నూరుతూ వస్తున్నాడు. యుగెట్ ఆయన్ని దాటుకుని ముందే వచ్చేసింది.

"నన్ను తీసేసింది నువ్వేనా?"

"నేనే, మదాం."

యుగెట్ ఆమె రెండు బుగ్గల మీదా ముద్దు పెట్టి, భర్తకు వినబడకుండా చెవిలో అంది.

"బతికించావు తల్లీ. ఆయన అంత ప్రేమగా ఇస్తుంటే వద్దనలేక ఇన్నాళ్ళూ చచ్చాను. సీరియళ్ళలో ఎవరి సీనైనా జంకకుండా తీసేస్తావని విని, నిన్నే పెట్టుకొమ్మని ఆయన్ని పోరింది నేనే."