పొయ్యి వెనక అద్దం

"స్విచ్చుబోర్డు ఇక్కడుంటే హోల్ అక్కడ కొట్టిచ్చినవేంది మిస్త్రీ?"

స్నేహలత అరుపుకు చుట్టాలంతా వంటింట్లోకి తొంగి చూశారు. తెల్లారితే గృహప్రవేశం. పొయ్యి వెనక గోడకు బిగించాల్సిన మెరూన్ రంగు అద్దాన్ని రెండు చేతులా పట్టుకుని ఎల్లం అలాగే నిలబడిపోయాడు. అరుపు సంగతి సరే, ఆ 'మిస్త్రీ' అన్న మాట చెంప మీద కొట్టినట్టయింది. ఆమె పరాయిది కాదు, సొంత బామ్మర్ది నగేష్ పెళ్లాం. ఒకప్పుడు "అన్నా" అని నోరారా పిలిచిన మనిషి. పొలం గట్టు దగ్గర తగాదా పడి రెండిళ్లకు మాటలు బందై మూడేళ్లయింది. మెదక్‌లో ఈ అద్దాల పని తెలిసినవాడు ఇంకొకడు లేక కాంట్రాక్టరు బతిమాలితే వచ్చాడు గానీ, లేకుంటే ఎల్లం ఈ గడప తొక్కేవాడు కాదు.

"నేను కొలతలు తీస్కున్నప్పుడు బోర్డు అక్కడ్నే ఉండె. తర్వాత మీరే జరిపిన్రు," అన్నాడు.

"జరిపితే ఏమాయె? ఇంకో హోల్ కొట్టు."

"ఇది టఫన్ గ్లాసు. సెగకు పగలకుండ హైదరాబాద్‌ల బట్టీల కాల్చి పంపిస్తరు. హోల్ కొట్టుడు, కోసుడు అంత కాల్చకముందే. ఇప్పుడు కట్టర్ పెడితే మొత్తం పలుకులు పలుకులై రాల్తది. మళ్ల తెప్పియ్యాల్నంటే నాల్గు రోజులు."

నగేష్ చెవి దగ్గరి ఫోను తీయకుండానే, ఎల్లం వైపు చూడకుండానే అన్నాడు. "పని రాకుంటే రాదని చెప్పాలె. గీ బహానాలన్ని ఎందుకు? పొద్దుమీకేసరికి అద్దం గోడకుండాలె."

"రేపు శంకరంపేట నుంచి మా అమ్మగారోళ్లంత వస్తున్నరు," అంది స్నేహలత. "వాళ్ల ముంగట నా చేతులతోని పాలు పొంగియ్యాలె. నిలబడి చూస్తవేంది మిస్త్రీ? కానియ్యి జర."

చుట్టాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. ఎల్లం అద్దాన్ని గోడకు ఆనించి పెట్టాడు. ఊరంతా కార్డులు పంచారు. నగేష్ తన తోడబుట్టిన అక్కకు, ఎల్లం పెళ్లాం శివమ్మకు మాత్రం ఒక్క మాట చెప్పలేదు. ఆ పిచ్చిది నెల రోజులుగా మోటర్‌సైకిల్ చప్పుడైతే చాలు, తమ్ముడేమో అని వాకిట్లోకి పరిగెత్తుతోంది. వీళ్లకు అద్దం గోడకుంటే చాలు కదా! ఉంటుంది.

ఎల్లం ఆ అద్దాన్ని ఆటోలో వేసుకుని రాందాస్ చౌరస్తా దగ్గరి తన షాపుకు పోయాడు. గంటలో అదే రంగు, అదే కొలత అద్దం పట్టుకుని తిరిగొచ్చాడు. ఇది కాల్చని మామూలు గాజు. చూసేవాళ్లకు రెండూ ఒకటే. తేడా తెలిసేది పొయ్యి వెలిగించినప్పుడే.

హోల్ సరిగ్గా బోర్డు దగ్గరికే వచ్చింది. వేడికి గాజు సాగుతుందని చుట్టూ సన్నని సందు వదలడం పద్ధతి. ఎల్లం వదల్లేదు. నాలుగు వైపులా బిర్రుగా ఇరికించి, వెనకంతా సిలికాన్ బంక పూసి గోడకు అదిమాడు. ఇక దాన్ని ముక్కలు చేసి తీయాల్సిందే తప్ప ఊడదీసే మొనగాడు లేడు.

"ఇప్పుడెట్లయింది?" అంది స్నేహలత గెలిచినట్టు.

"అయింది. పాలగిన్నె గోడ దగ్గరి పెద్ద పొయ్యి మీద పెట్టుండ్రి. మంచిగ పొంగుతయి," అన్నాడు ఎల్లం చేతులు తుడుచుకుంటూ.

షాపులో సామాను పడేసి తీరిగ్గా చాయ్ తాగాడు. తాగుతుంటే రేపటిదంతా కళ్లముందు కనిపించింది. పాలు పొంగే వేళకు ఫట్‌మని అద్దం పగులుతుంది. పెంకులన్నీ పాలల్లో పడతాయి. పుట్టింటోళ్ల ముందర స్నేహలత మొహం పాలిపోతుంది. కొత్తింట్లో అపశకునమని శంకరంపేట దాకా ఏళ్ల తరబడి చెప్పుకుంటారు. మూడేళ్లలో ఏ చాయ్ అంత తియ్యగా లేదు.

ఇంటికొచ్చేసరికి శివమ్మ చాప మీద కొత్త పట్టుచీర పరుచుకుని కూర్చుంది. ముఖాన పెద్ద బొట్టు. కళ్లు ఏడ్చినట్టున్నాయి, మొహం మాత్రం నవ్వుతోంది.

"ఏమయ్యా, తమ్ముడొచ్చిండు! మరదలు గూడ వచ్చింది. పంతులు కోపం జేసిండంట, ఇంటి ఆడబిడ్డ ఉండంగ పాలు ఇంకెవ్వరు పొంగిస్తరని. నా చేతులు పట్టుకోని ఒకటే ఏడ్చిన్రు. నిన్ను మిస్త్రీ అన్నందుకు గూడ మస్తు బాధపడ్డది పిల్ల. రేపు పాలు పొంగిచ్చేది నేనేనయ్యా!"

ఎల్లం చాప అంచున కూర్చుని ఆమె చేతుల వైపు చూశాడు. పెంకులు పడేది ఈ చేతుల మీద. ఆడబిడ్డ చెయ్యి పెడితే అద్దం పగిలిందన్న మాట బతికినంత కాలం మోయాల్సింది ఈ మనిషి. చెప్పేద్దామని నోరు తెరిచాడు. ఏమని చెప్తాడు? కావాలనే పెట్టానని చెప్పి, ఈ మొహాన్ని మళ్లీ ఎలా చూస్తాడు?

లేచి సంచీలోంచి సుత్తె తీసుకున్నాడు.

"చీకటి పడుతుంటే ఏడికయ్యా?"

"చిన్న పని మిగిలింది."

కొత్తింటికి సీరియల్ బల్బులు అప్పుడే వెలుగుతున్నాయి. స్నేహలత పుట్టింటివాళ్లు ముందే దిగినట్టున్నారు, వాకిలంతా చెప్పులు. ఎల్లాన్ని చూడగానే నగేష్ చేతిలో ఉన్న మామిడాకులు అక్కడే వదిలేసి ఎదురొచ్చాడు.

"రా బావా! నీకోసమే చూస్తున్న," అన్నాడు అందరికీ వినపడేలా, మూడేళ్ల తర్వాత మొదటిసారి.

ఎల్లం అతని మొహం చూడకుండా నేరుగా వంటింట్లోకి పోయి, అద్దం నడిమధ్య సుత్తెతో ఒక్కటిచ్చాడు.