రాజుల కాలంలో కళ్ళజోడు

"ఏయ్ తాతా! రాజుల కాలంలో కళ్ళజోడేంటి? తియ్!"

అసిస్టెంట్ డైరెక్టర్ కేకకి గుంపంతా నవ్వింది. అట్టకోట ముందు, కంచె వెనక, ముతక బట్టల్లో నిలబడ్డ జూనియర్ ఆర్టిస్టుల గుంపు అది.

ముసలాయన కళ్ళజోడుని రెండు చేతులా పట్టుకున్నాడు.

"ఇది లేకపోతే నాకంతా మసకే, బాబూ."

"నిన్నేమైనా చదవమన్నామా? చప్పట్లు కొట్టు, చాలు."

"మరి హీరోగారికి నల్ల కళ్ళద్దాలున్నాయిగా?" పక్కనున్నావిడ అడిగింది.

"అది స్టైలమ్మా. డైరెక్టర్‌గారు కావాలనే పెట్టించారు. ఆయన పెట్టుకుంటే కొత్తదనం. మీరు పెట్టుకుంటే తప్పు."

"మా మొహాలకి తప్పులే మిగిలాయిలే," అందావిడ. మళ్ళీ నవ్వులు.

సినిమాలో కమ్మరి కొడుకు గుర్రమెక్కి, ప్రభువుల్ని ఓడించి, తనే ప్రభువవుతాడు. ఎవరైనా ఎంతెత్తుకైనా ఎదగొచ్చన్నది కథ. అసిస్టెంట్ కూడా నిరుడు ఈ గుంపులో నిలబడ్డవాడే. అందుకేనేమో, ఇందులో ఏ మొహాన్నీ తిన్నగా చూడలేడు.

"ఆ గుర్రం కంచె దూకేదాకా ఉంచుకోనీ బాబూ. ఒక్కసారి చూసి తీసేస్తా."

"దూకేది హీరో కాదు తాతా, డూపు. హీరో లోపల చల్లగా పడుకున్నాడు."

"తెలుసు బాబూ."

"తెలిసీ ఏంటి మారాం?"

కళ్ళజోడు లాక్కుని జేబులో వేసుకున్నాడు.

"కట్ వినపడేదాకా ఎవరూ చప్పట్లు ఆపకూడదు!"

గుర్రం వచ్చింది. డెక్కల చప్పుడు వైపు ముసలాయన మెడ చాచాడు. గోధుమరంగు మరక ఒకటి గాల్లోకి లేచింది. ఏదో విరిగిన చప్పుడు.

గుంపులో చప్పట్లు ఒక్కొక్కటే ఆగిపోయాయి. ముసలాయన మాత్రం నవ్వుతూ కొడుతూనే ఉన్నాడు. కట్ ఇంకా వినపడలేదు.

కంచె దగ్గర కిందపడ్డ డూపుకి శిరస్త్రాణం విప్పారు. తెరమీద ఎన్నడూ కనిపించని మొహం. డాక్టరు నాడి చూసి, తల అడ్డంగా ఊపాడు.

"వీడి వాళ్ళెవరో తెలుసా?" అడిగాడు డాక్టరు.

ఎవరికీ తెలియదు.

అసిస్టెంట్ మైకు అందుకున్నాడు. రెండో చేతిని జేబులో పెట్టుకుంటే కళ్ళజోడు తగిలింది.

"ఈ డూపు తాలూకు వాళ్ళెవరైనా... ఇక్కడున్నారా?"

చప్పట్లు ఆగాయి.

"ఇక్కడే ఉన్నా బాబూ, వాడి నాన్నని," అంటూ, ఎటు చూడాలో తెలియక, నవ్వు చెరగని మొహంతో ముసలాయన చెయ్యెత్తాడు.