సొరబుర్రకు చిల్లు

ముసురు పడితే నెలల తరబడి సూర్యుడు కనబడని అడవి అది. చలికి పిల్లలు వణకడం చూడలేక అడవంతా సూదత్త అని పిలిచే ఓ ముళ్ళపంది తన ముళ్ళు పీకి కొండ మీద నాటింది. సాలీడు దారంతో వాటికి ఎండు సొరబుర్రలు కట్టి ఇంటికొకటి పంచింది. మెరుపు మెరిస్తే ముల్లు పట్టేది, దారం కిందికి దించేది, బుర్ర దాచుకుని వెచ్చగా వెలిగేది. ప్రతి బుర్రకూ అడుగున చిన్న చిల్లు పొడిచి నేలకు ఆనించింది సూదత్త.

"ఈ చిల్లెందుకు అత్తా? సగం వెలుగు మట్టిపాలవుతోంది," అని గొణిగింది నక్క.

"అది నేల వాటా, అల్లుడూ. మనం పట్టలేనంత మెరుపొస్తే మోసేది ఆ నేలే. మూసేవు సుమా."

సూదత్త మలుపు తిరిగిందో లేదో, నక్క చిల్లును మైనంతో మూసేసింది. ఇక దాని గుహ పట్టపగల్లా వెలిగింది. అది చూసి కుందేలూ మైనం కోసం బయల్దేరింది. అంతలో పెద్ద మెరుపొకటి దిగి నక్క బుర్ర ఫటేల్మని పేలింది. నక్క పిల్లలు బయట ఆడుకుంటున్నాయి కాబట్టి బతికిపోయాయి.

సూదత్త వచ్చేసరికి నక్క గుమ్మంలో కూలబడి ఉంది. ఒంటి మీద ప్రతి వెంట్రుకా నిటారుగా నిక్కబొడుచుకుంది. సూదత్త తాపీగా కొత్త బుర్ర దించి, అడుగున చిల్లు పొడిచి, నక్కను ఎగాదిగా చూసింది.

"నీ పుణ్యమా అని కొండ మీద ఓ ముల్లు మాడిపోయింది, అల్లుడూ. నీకిప్పుడు ఒళ్ళంతా ముళ్ళేగా. ముసురు వెలిసేదాకా వెళ్ళి అక్కడ నిలబడు."