డొంకూరు టీకొట్టులో యుద్ధం

రెండు దేశాల సైన్యాలూ ఇంకా సరిహద్దులోనే ఆగి ఉన్నాయి. డొంకూరు టీకొట్టులో మాత్రం యుద్ధం పొద్దున్నే మొదలైపోయింది.

టీవీలో అరుపులు. టీవీ ముందు అంతకు మించిన అరుపులు.

“ఆళ్లు ఒకటేత్తే మనం పదెయ్యాల,” అన్నాడు జోగారావు.

అతని అన్న నూకయ్య గుజరాత్ బోటులో చేపల వేటకు పోయి, సముద్రంలో సరిహద్దు గీత దాటి, కరాచీ జైల్లో పడి ఉన్నాడు. అన్న ఉన్న ఊరి మీదే తమ్ముడు బాంబులు వేయమంటున్నాడు. ఇలాంటివాడికి ఏం చెబుతాం?

బల్ల చివర ఒక కొత్త మనిషి టీ తాగుతున్నాడు. బక్కపలచగా ఉన్నాడు, గడ్డం మాసి ఉంది.

“మనం పదేత్తే ఆళ్లు ఊరుకుంటారేటి బావా?” అన్నాడు మెల్లగా. “ఎవులూ తగ్గరు. ఆకరికి ఎవులికీ అక్కర్లేని యుద్ధం అందరి నెత్తినా పడతాది.”

అందరూ అతని వైపు తిరిగారు.

“నువ్వెవులివి?” జోగారావు అడిగాడు.

“వేటోణ్ణే బావా.”

“ఇక్కడేటి పని?”

“ఒకలింటికి పోవాల.”

“ఎవులింటికి?”

“ఆ ఇంటామెకి తప్ప సెప్పకూడదు. తప్పుగా అనుకోకు.”

జోగారావు అగ్గి మీద గుగ్గిలమయ్యాడు.

“శత్రువుని ఎనకేసుకొత్తాడు. పరాయి ఆడదాని కోసం ఊళ్లోకొత్తాడు. ఈడి వాలకం సూడండ్రా.”

“అక్కడా మనలాంటి వేటోళ్లే బావా...”

ఆ మాట పూర్తి కానివ్వలేదు. జోగారావు చొక్కా పట్టుకుని లేపాడు. మిగతావాళ్లు తలో చెయ్యి వేసి, ఇచ్ఛాపురం పోయే ఆటోలోకి తోసేశారు. పేరేమిటని గానీ ఊరేదని గానీ ఒక్కడూ అడగలేదు. దేశాన్ని కాపాడేసినట్టు మళ్లీ టీలు చెప్పుకున్నారు.

కాసేపటికి నూకయ్య భార్య కన్నమ్మ గబగబా వచ్చింది.

“మరిదీ, కొత్త మనిషెవులైనా నా ఇల్లడిగినాడా?”

జోగారావు టీ గ్లాసు బల్ల మీద పెట్టేశాడు.

“ఎవులు వదినా?”

“నిన్న పలాస స్టేషన్లో ఎవులిదో ఫోనడిగి మాటాడినాడు. మీ అన్న కబురు తెత్తన్నానన్నాడు. తానెవులో సెప్పినాడు గానీ, కబురు మంచో సెడ్డో ఫోన్లో సెప్పనన్నాడు. వేటకెల్లినోడి కబురు ముందు పెళ్లానికే, ఎదురుగా సెప్పాల గదా. నీకు సెప్దామంటే నువ్వు ఆ టీవీ ముందునుంచి లెగిత్తేనా?”

ఆటో ఎప్పుడో పోయింది. టీవీ ఒక్కటే అరుస్తోంది.

“అతను... మా అన్నకి ఏటవుతాడు వదినా?” జోగారావు అతికష్టం మీద అడిగాడు.

“జైల్లో మీ అన్న జబ్బుపడి లెగలేకపోతే, ఇన్నాళ్లూ అన్నం కలిపి నోట్లో పెట్టినోడంట మరిదీ.”